పొగగొట్టములు కూల్చిన ఫ్రెడ్ డిబ్నా



మా బెల్లంకొండ దుర్గము నీడలో పుట్టి పెరిగినవారికి ఎత్తు క్రొత్త గాదు. అయినను, నిట్టనిలువు నిచ్చెనపై 200 అడుగుల యెత్తున నిలిచి సుత్తి పట్టిన మనుష్యుని గూర్చి నేడు ముచ్చటింపదలచితిని.

ఇంగ్లండులో లాంకషైరు సీమయందు బోల్టన్ అను పట్టణము కలదు. మన మగ్గములను మూలబెట్టిన మిల్లు బట్ట ఆ సీమనుండియే వచ్చినది. సాలెవారి యిండ్లలో ఈ సంగతి నేను చెప్పనక్కఱలేదు. తుదకు ఆ మిల్లులును మూతబడెను. వాని యిటుక పొగగొట్టములు మాత్రము నిలిచిపోయెను. వానిని బాగుచేయుటయు కూల్చుటయు, 1938లో అచ్చట జన్మించిన ఫ్రెడ్ డిబ్నాకు జీవనోపాధి.

కూల్చుటకు అతడు మందుగుండు వాడడు. గొట్టము మొదట నొక ప్రక్క ఇటుకలను కొంచెము కొంచెముగా తొలిచి, తీసిన చోటనెల్ల కొయ్యదిమ్మెలు పోటు పెట్టును. చుట్టుకొలతలో సుమారు సగము తొలిచిన పిదప కట్టెలు పేర్చి నిప్పంటించును. దిమ్మెలు కాలి విఱుగగానే గొట్టము అతడు తలచిన వైపునకే వాలును. లెక్క తప్పెనా, ఇరుగుపొరుగు కొంపలు కూలును.

అతనికి పాత ఆవిరి రోడ్డురోలరు ఒకటి యుండెను. ఏండ్ల తరబడి దానిని బాగుచేసి, భార్య పేరే పెట్టుకొనెను. యంత్రములపై మోజు మితిమీరెను గాబోలు, ఆ యిల్లాలు కొంతకాలమునకు విడిచి వెళ్ళినది.

1978లో బోల్టన్ పురమందిరపు గడియార శిఖరమును మరమ్మతు చేయుచుండగా బి.బి.సి. వారి దృష్టి అతనిపై పడెను. డాన్ హావర్త్ తీసిన డాక్యుమెంటరీ చిత్రము 1979లో టెలివిజనులో ప్రసారమై బాఫ్టా బహుమానము నందెను. అటుపిమ్మట ఆవిరియంత్రములను గూర్చియు, పూర్వపు కట్టడములను గూర్చియు తానే జనులకు చూపించి వివరించెను. మాటాడినది తన యూరి యాస. జీవితమంతయు వ్యాకరణము చెప్పిన నేనీ మాట యనుట వింతగా దోచవచ్చును గాని, పనివాని నోట పనిమాటయే శోభించును.

1955లో శంకుస్థాపన జరిగిన నాగార్జునసాగరమునకు రాయి మోసిన చేతులు మన పల్నాట నెన్ని! వారి రాయి ఆనకట్టలో నున్నది. దానిని పైకెట్లు చేర్చిరో వారి నోట విన్నవారము మనలో నెందఱము?

డిబ్నా 2004 నవంబరులో కన్నుమూసెను. బోల్టన్ వీధులలో అతని శవపేటికను లాగినది, అతడు స్వహస్తములతో బాగుచేసికొనిన ఆవిరియంత్రమే. దానిని నడిపినవాడు అతని కుమారుడు.