ఏడవ తరగతికీ పదవ తరగతికీ నడుమ

(జాతీయ విద్యా దినోత్సవం సందర్భంగా ఆదోనిలో జరిగిన సభలో చేసిన ప్రసంగ పాఠం)



నేను వక్తను కాను. ముప్పై నాలుగేళ్లు ప్రభుత్వ కార్యాలయంలో గుమాస్తాగా పనిచేసి పదవీ విరమణ పొందినవాణ్ణి. ఆ కాలంలో ఎక్కువ భాగం విద్యాశాఖలో, అందులోనూ పరీక్షల విభాగంలో గడిచింది. దస్త్రాలు చదవడం నాకు అలవాటు గాని ప్రసంగాలు చేయడం కాదు. కనుక ఈ రోజు కూడా ఒక దస్త్రం గురించే మాట్లాడతాను.

పదవ తరగతి పరీక్షకు కూర్చునే విద్యార్థుల వివరాలను ప్రధానోపాధ్యాయులు ఒక పట్టికగా పంపుతారు. దానిని నామినల్ రోలు అంటారు. విద్యార్థి పేరు, తండ్రి పేరు, జన్మతేదీ, బోధనా మాధ్యమం, చివరకు ఒంటిపై ఉన్న రెండు పుట్టుమచ్చలు కూడా అందులో ఉంటాయి. ఏటేటా వేల పేర్లు నా చేతుల మీదుగా వెళ్లేవి. చాలా సంవత్సరాల వరకు నాకు తట్టని విషయం ఒకటి ఉంది. ఉన్నవారి పుట్టుమచ్చలను సైతం లెక్కించే ఆ పట్టికలో, లేనివారి కోసం ఒక్క గడి కూడా లేదు. ఒకటవ తరగతిలో చేరి పదవ తరగతికి రాని బిడ్డ ఏ నాడు, ఏ తరగతిలో, ఏ కారణంగా ఆగిపోయిందో చెప్పే కాగితం నా బల్ల మీదికి ఎన్నడూ రాలేదు.

నేడు మౌలానా అబుల్ కలాం ఆజాద్ జన్మదినం. 2008 నుండి ఈ దినాన్ని జాతీయ విద్యా దినోత్సవంగా జరుపుకుంటున్నాం. ఆయనను తలచుకున్నప్పుడల్లా ఐ.ఐ.టి.ల గురించి, విశ్వవిద్యాలయాల గురించి చెబుతారు. ఆయన విద్యామంత్రిగా ఉండగానే 1952లో మాధ్యమిక విద్యా కమిషన్ ఏర్పడిన సంగతి మాత్రం అంతగా వినిపించదు. దాని అధ్యక్షుడు ఆర్కాటు లక్ష్మణస్వామి ముదలియార్ మన కర్నూలులో పుట్టినవారే. ఉన్నత పాఠశాల చదువు కళాశాలకు పోవడానికి దారి మాత్రమే కాదని, అది తనంతట తాను ఒక సంపూర్ణ దశ అని, అక్కడితో చదువు ముగించినవాడు కూడా గౌరవంగా బ్రతికేందుకు కావలసింది నేర్చుకుని బయటికి రావాలని ఆ కమిషన్ భావించింది. ఆ నివేదిక 1953లో వచ్చింది.

మన ప్రాంతంలో పైచదువుకు కొరత ఉందని ఎవరూ అనలేరు. డాక్టర్ అబ్దుల్ హఖ్ గారి పూనికతో 1947లోనే కర్నూలులో ఉస్మానియా కళాశాల వెలసింది. 2016లో ఆయన పేరిట ఉర్దూ విశ్వవిద్యాలయమే ఏర్పడింది. ఇటు చూస్తే ప్రాథమిక పాఠశాల లేని పేట అరుదు. పైన విశ్వవిద్యాలయం ఉంది, క్రింద ప్రాథమిక పాఠశాల ఉంది. నడుమ ఉన్న మూడు నాలుగేళ్లలోనే మన పిల్లలు రాలిపోతున్నారు.

2006 నవంబరులో వచ్చిన సచార్ కమిటీ నివేదిక ఈ మాటను దేశమంతటికీ వర్తించేలా చెప్పింది. 6 నుండి 14 ఏళ్ల లోపు ముస్లిం పిల్లల్లో నాలుగో వంతు మంది బడి ముఖం చూడనివారో, మధ్యలో మానేసినవారో అని తేల్చింది. ముస్లింలు మదర్సాలకు పంపుతారు కనుకనే చదువులో వెనుకబడ్డారని వాదించేవారికి కూడా అందులోనే జవాబు ఉంది. బడి ఈడు పిల్లల్లో మదర్సాలకు వెళ్లేవారు నూటికి ముగ్గురో నలుగురో! మిగిలినవారు మీరు, నేను చూసే సర్కారు బడుల్లోనే చేరుతున్నారు, అక్కడి నుండే మాయమవుతున్నారు.

ఎందుకు? మొదట చట్టాన్ని చూద్దాం. 2010 ఏప్రిల్ 1 నుండి అమలులోకి వచ్చిన విద్యాహక్కు చట్టం 14 ఏళ్ల వరకే వర్తిస్తుంది. ఎనిమిదవ తరగతి దాటితే చదువు హక్కు కాదు, దొరికితే దొరికినట్టు. 2016లో సవరించిన బాలకార్మిక చట్టం కూడా 14 ఏళ్లు నిండినవారిని ప్రమాదకరం కాని పనుల్లో పెట్టుకోనిస్తుంది. బడి చెయ్యి వదిలిన వయసులోనే మెకానిక్ షెడ్డు చెయ్యి పట్టుకుంటుంది. రెండు చట్టాలను రాసినవారు ఒకే బల్ల ముందు కూర్చోలేదేమో అని నాకు అనుమానం.

ఇక దూరం. ప్రతి ఆవాసానికీ 5 కిలోమీటర్లలోపు ఉన్నత పాఠశాల ఉండాలని 2009లో వచ్చిన రాష్ట్రీయ మాధ్యమిక శిక్షా అభియాన్ లక్ష్యంగా పెట్టుకుంది. మంచి లక్ష్యమే. కాని ఆ కిలోమీటర్లను భవనం వరకే కొలిచారు గాని భాష వరకు కొలవలేదు. మన ఉర్దూ ప్రాథమికోన్నత పాఠశాలలు చాలాచోట్ల ఏడుతోనో ఎనిమిదితోనో ఆగిపోతాయి. ఆ పైన ఉర్దూ మాధ్యమం ఉన్న ఉన్నత పాఠశాల కావాలంటే పట్టణానికి రావాలి. దగ్గరలో ఉన్న జిల్లా పరిషత్ ఉన్నత పాఠశాలలో తెలుగు, ఇంగ్లీషు మాధ్యమాలే ఉంటాయి. ఏడేళ్లపాటు 'ముసల్లస్' అని నేర్చుకున్న బిడ్డ ఎనిమిదవ తరగతిలో అడుగుపెట్టగానే అది త్రిభుజం, లేదా ట్రయాంగిల్ అవుతుంది. 'జియాయీ తాలీఫ్' కాస్తా కిరణజన్య సంయోగక్రియ అవుతుంది. తెలివిలో ఏ లోపమూ లేని పిల్లవాడు జూన్ నెలలో ఒక్కసారిగా మందబుద్ధి అయిపోతాడు. మూడు నెలలు వెనుక బెంచీలో మౌనంగా కూర్చుంటాడు. దసరా సెలవులు ఇచ్చిన తరువాత మళ్లీ రాడు.

'అయితే మొదటి నుండే ఇంగ్లీషులో చదివించండి' అని సులువుగా సలహా ఇచ్చేవారున్నారు. ఏ భాషలో చదివించాలన్నది తల్లిదండ్రుల ఇష్టం, దాన్ని నేను కాదనను. నేను అడిగేది ఒక్కటే. ఒక మాధ్యమంలో బిడ్డను చేర్చుకున్న ప్రభుత్వం ఆ మాధ్యమంలో పదవ తరగతి వరకు బాట వేయాలి. లేదా మాధ్యమం మారే ఏడాదిలో రెండు మూడు నెలలు ప్రత్యేక తరగతులు పెట్టి చేయి పట్టుకుని దాటించాలి. ఈ రెండూ చేయక బిడ్డ వెనుకబడ్డాడని నివేదిక రాస్తే ఎలా?

ఉర్దూ ఉన్నత పాఠశాల ఉన్నచోట కూడా గణితానికో, జీవశాస్త్రానికో ఉపాధ్యాయుడు ఉండడు. దీనికి కార్యాలయ మర్మం ఒకటి ఉంది. నియామకాల రోస్టరులో ఎస్సీ, ఎస్టీ వర్గాలకు కేటాయించిన ఉర్దూ పోస్టులకు, ఉర్దూ మాధ్యమంలో చదివిన అభ్యర్థులు ఆ వర్గాల్లో దొరకరు. పోస్టు ఖాళీగా మిగిలి మరుసటి నియామకానికి బదిలీ అవుతుంది, మళ్లీ ఖాళీగానే మిగులుతుంది. ఆ వర్గాల వాటా ఒక్క పోస్టైనా తగ్గాలని నేను అనడం లేదు. అలా అంటే నాకన్నా అన్యాయస్థుడు ఉండడు. ఆ పోస్టులను వారికి అందే ఇతర సబ్జెక్టుల్లో, ఇతర మాధ్యమాల్లో సర్ది, ఉర్దూ బడికి ఉపాధ్యాయుణ్ణి ఇవ్వవచ్చు. దీనికి కావలసింది ఒక ఉత్తర్వు మాత్రమే.

ఇప్పుడు నా తప్పు ఒకటి చెప్పుకోవాలి. ఉద్యోగంలో ఉన్న రోజుల్లో ఒక పాఠశాల నుండి వచ్చిన నామినల్ రోలులో ఒక అమ్మాయి పేరు అడ్మిషన్ రిజిస్టరులో ఒక విధంగా, టి.సి.లో మరొక విధంగా ఉంది. ఒకచోట ఇంటిపేరుగా షేక్ ఉంది, మరొకచోట లేదు. తండ్రి పేరులో వలి అన్నది ఒకచోట కలిపి, ఒకచోట విడదీసి రాశారు. మన పేర్లు తెలిసినవాడికి అది ఒకే మనిషి అని ఒక్క క్షణంలో తెలుస్తుంది. నాకూ తెలిసింది. అయినా నిబంధన ప్రకారం 'సరిచేసి తిరిగి సమర్పించవలెను' అని ఎర్ర సిరాతో రాసి తిప్పి పంపాను. ఆ కాగితం వెళ్లి, సరిదిద్దుకుని, తిరిగి వచ్చేసరికి గడువు దాటింది. మరుసటి సంవత్సరం ఆ బడి నుండి వచ్చిన రోలులో ఆ పేరు కోసం వెతికాను. లేదు. ప్రధానోపాధ్యాయుణ్ణి అడిగితే, 'పెళ్లి చేసేశారండీ' అన్నారు. నా పై అధికారి నన్ను ఒక్క మాట అనలేదు, ఎందుకంటే నేను నిబంధన తప్పలేదు.

అందుకే తల్లులకు చేతులు జోడించి చెబుతున్నాను. బిడ్డను ఒకటవ తరగతిలో చేర్చిన రోజునే ఆధార్ కార్డులో, జనన ధ్రువపత్రంలో, బడి రిజిస్టరులో పేరు అక్షరం తేడా లేకుండా ఉందో లేదో చూసుకోండి. చదవడం రాకపోతే చదివిన పొరుగింటివారిని వెంట తీసుకుపోండి. ఆరవ తరగతిలో దిద్దుకోవడం తేలిక. పదవ తరగతి ధ్రువపత్రం మీద ఒకసారి అచ్చయితే దిద్దుకోవడానికి చెప్పులరిగేలా తిరగాలి. బి.సి.-ఇ ధ్రువపత్రం, నూర్‌బాషా దూదేకుల సోదరులకైతే బి.సి.-బి, ముందుగానే తీసి ఉంచుకోండి.

డబ్బు సంగతి క్లుప్తంగా చెబుతాను. 2020లో అమ్మ ఒడి వచ్చింది, ఇప్పుడు తల్లికి వందనం ఉంది. ఆ సాయం తక్కువదేమీ కాదు. అయితే అది ఏడాదికి ఒకసారి వస్తుంది. షెడ్డులో పనిచేసే కుర్రవాడి కూలి వారం వారం వస్తుంది. కేంద్రం ఇచ్చే మైనారిటీ ప్రీ-మెట్రిక్ ఉపకార వేతనాన్ని 2022లో తొమ్మిది, పది తరగతులకే పరిమితం చేశారు. ఎనిమిది వరకు విద్య ఉచితమే కదా అన్నారు. కాని ఎనిమిదికి చేరకుండానే ఆగిపోయే బిడ్డకు తొమ్మిదిలో దొరికే వేతనం ఏం ఉపయోగం?

ఆడపిల్లల విషయంలో కారణం డబ్బు కన్నా దారి. పేటలోని బడికి ఒంటరిగా పంపిన తల్లే, ఊరవతలి ఉన్నత పాఠశాలకు ఆటోలో పంపడానికి జంకుతుంది. ఆ జంకును మతఛాందసం అని కొట్టిపారేసేవారు తమ కూతురిని ఆ దారిలో పంపి చూడాలి. నలుగురు ఆడపిల్లలు కలిసి నడిస్తే ఆ జంకు సగం తగ్గుతుందని నేను కళ్లారా చూశాను. ఒక్కరు మానేస్తే మిగిలిన ముగ్గురూ మానేయడమూ చూశాను.

ప్రభుత్వం చేయవలసినవి మహజరుగా రాసి ఇచ్చాం, ఇంకా ఇస్తాం. మన చేతుల్లో ఉన్నది కూడా కొంత ఉంది. బడి మారే బిడ్డ పేరు ఎక్కడా నమోదు కాకపోతే ఇప్పుడు ఆన్‌లైన్‌లో డ్రాప్ బాక్స్ అనే చోట పడి ఉంటుంది. ఆ పెట్టెలో ఎవరున్నారో బడివారికి తెలుస్తుంది గాని, ఆ బిడ్డ ఇంటి తలుపు తట్టే తీరిక వారికి ఉండదు. మనకు ఉంది. పదవీ విరమణ పొందినవాడికి లేనిదల్లా జీతమే.

పోయిన వేసవిలో నేను ఒక నోటుపుస్తకం మొదలుపెట్టాను. మా పేటలో ఏడవ తరగతి ముగించినవారి పేర్లన్నీ రాసుకున్నాను, పంతొమ్మిది మంది. జూలై నెలాఖరుకు ఎనిమిదవ తరగతిలో చేరినవారు పద్నాలుగు. మిగిలిన ఐదు ఇళ్లకూ వెళ్లాను. ఒక తల్లి నన్ను కూర్చోబెట్టి, 'భాయీసాబ్, మా పెద్దోడు పది పాసయ్యి బట్టల దుకాణంలో మడతలు పెడుతున్నాడు, రెండోవాడు ఏడుతో ఆపి షెడ్డులో వాడికన్నా ఎక్కువే తెస్తున్నాడు. మీరే చెప్పండి' అంది. నా దగ్గర వెంటనే జవాబు లేదు. ముదలియార్ కమిషన్ నాడే అడిగిన ప్రశ్న అది, ఆమె తన ఇంటి లెక్కతో అడిగింది.

ఆ ఐదుగురిలో ఇద్దరు తిరిగి బడికి వెళుతున్నారు. ఒక అబ్బాయి షెడ్డు మానలేడు. పద్నాలుగేళ్లు నిండగానే సార్వత్రిక విద్యాపీఠం ద్వారా పదవ తరగతికి కట్టిస్తామని యజమానితోనే ఒప్పించాం. నాలుగో బిడ్డ బంధువుల ఊరికి వెళ్లింది, అక్కడి బడిలో చేరినట్టు కాగితం తెప్పించాను. ఐదో పేరు ఎదురుగా ఇంకా ఏమీ రాయలేదు. ఆ కుటుంబం సుగ్గికి గుంటూరు వైపు వెళుతుంది. పిల్లను వెంట తీసుకుపోకుండా సీజనల్ హాస్టల్లో ఉంచమని అడగాలి. వారు బయలుదేరేలోగా, వచ్చే శుక్రవారం అసర్ నమాజు తరువాత వెళదామనుకుంటున్నాను. ఆడపిల్ల ఉన్న ఇల్లు కనుక మీలో ఒక సోదరి నాతో వస్తే మాట్లాడడం సులువవుతుంది. సభ ముగిశాక తలుపు దగ్గర ఆ నోటుపుస్తకంతో నిలబడి ఉంటాను.