పాటను కాపాడిన పుణ్యాత్ములు



వాగ్గేయకారుల చరిత్ర చెప్పుకొనేటప్పుడు సామాన్యంగా మనం వారి జన్మస్థలం, గురువులు, వారికి భగవదనుగ్రహం కలిగిన ఘట్టములు స్మరించి, చేతులు జోడించి లేస్తాము. అది ఉచితమే. కాని ఒక ప్రశ్న మిగిలిపోతుంది. అన్నమయ్య తిరుమల కొండపై పాడిన పాట, త్యాగయ్య కావేరి ఒడ్డున పాడిన కృతి మన ఇంటి పూజామందిరం దాకా ఎట్లా వచ్చినవి? శిల్పి గతించినా విగ్రహం నిలుస్తుంది. పాట అట్లా కాదు. అది గాలిలో పుట్టి గాలిలో కలిసిపోయేది. దానిని ఎవరో ఒకరు పట్టి నిలపవలె. అట్లా నిలిపిన పుణ్యాత్ములను ఈ పూట తలచుకొందాము.

ముందుగా ఒక మాట. సాహిత్యమును, సంగీతమును రెండింటినీ తానే కూర్చేవాడు వాగ్గేయకారుడు. సాహిత్యమును మాతువు అన్నారు, సంగీతమును ధాతువు అన్నారు. ఇవి రెండూ శరీరమూ ప్రాణమూ వంటివి. ఈ భేదం మనస్సులో ఉంచుకొంటే ఇక చెప్పబోయేది సుబోధమవుతుంది.

రాజంపేట సమీపాన గల తాళ్ళపాకలో 1408లో జన్మించిన అన్నమాచార్యులు పదహారవ ఏట మొదలుపెట్టి దేహయాత్ర ముగిసే వరకు శ్రీవేంకటేశ్వరునికి సంకీర్తనార్చన చేశారు. శాలివాహన శకం 1346 క్రోధి సంవత్సరం మొదలుకొని 1424 దుందుభి సంవత్సర ఫాల్గుణ బహుళ ద్వాదశి వరకు ఆ సేవ సాగినదని రాగిరేకు చెబుతున్నది. అనగా క్రీస్తుశకం 1424 నుండి 1503 వరకు. ఆయన రచించినవి ముప్పది రెండు వేలని ప్రతీతి. సాళువ నరసింహరాయలు తనపై కూడ ఒక పదం చెప్పమని కోరగా, హరిని కీర్తించే నాలుకతో నరుని కీర్తించనని నిరాకరించి సంకెళ్ళకు సిద్ధపడిన ధీరుడాయన. ఈ కథను మనుమడు చిన్నన్న తన ద్విపద కావ్యంలో చెప్పినాడు.

కుమారుడు పెదతిరుమలాచార్యులు, మనుమడు చినతిరుమలయ్య స్వయముగా వాగ్గేయకారులు. వారు పెద్దాయన పాటలను తాటియాకుకే వదలిపెట్టలేదు. ఆకు చెదలు పడుతుంది, అగ్గికి ఆహుతి అవుతుంది. అందుచేత రాగిరేకులపై చెక్కించి, తిరుమల ఆలయంలో ఒక అరలో భద్రపరచినారు. ఎంత ధనవ్యయం, ఎంత ఓర్పు! అటువంటి రేకులు రెండు వేలకు పైగా నేడు మనకు దొరికినవి. కాని కాలక్రమమున ఆ అర సంగతే లోకం మరచింది. 1922 ప్రాంతంలో సాధు సుబ్రహ్మణ్యశాస్త్రిగారి పరిశోధన వలన అవి మరల వెలుగు చూచినవి. వేటూరి ప్రభాకరశాస్త్రిగారు, రాళ్ళపల్లి అనంతకృష్ణశర్మగారు మొదలైన పండితులు వాటిని పరిష్కరించి లోకానికి అందించినారు. నేడు పన్నెండు వేలకు పైగా సంకీర్తనలు లభిస్తున్నవి.

ఇక్కడ ఒక్క క్షణం ఆగండి. రేకులపై సాహిత్యం ఉన్నది, రాగం పేరు ఉన్నది. కాని ఆ సంకీర్తనలను అన్నమయ్య ఏ వరుసలో పాడినారో ఆ రేకులు చెప్పవు. స్వరం చెక్కలేదు. మాతువు దక్కింది, ధాతువు జారిపోయింది. రాగి చెడిపోనందువల్ల మాట మిగిలింది. పాడే కంఠముల పరంపర తెగిపోయినందువల్ల వరుస పోయింది. ఈనాడు మనం వినే అన్నమయ్య పాటలకు చాలవరకు రాళ్ళపల్లివారు, బాలాంత్రపు రజనీకాంతరావుగారు, నేదునూరి కృష్ణమూర్తిగారు, గరిమెళ్ళ బాలకృష్ణప్రసాద్‌గారు వంటి విద్వాంసులు కూర్చిన వరుసలే ఆధారం. 1978లో తిరుమల తిరుపతి దేవస్థానం అన్నమాచార్య ప్రాజెక్టును నెలకొల్పి ఈ కృషికి ఊతమిచ్చింది. ఇది తక్కువ సేవ కాదు. శరీరమునకు మరల ప్రాణప్రతిష్ఠ చేయుట వంటిది. అయినా పోయినది పోయినదే.

ఇక త్యాగరాజస్వామివారి సంగతి చూడండి. 1767లో తిరువారూరులో కాకర్లవారి ఇంట జన్మించి, తిరువయ్యారులో ఉంఛవృత్తితో కుటుంబం గడుపుకొంటూ, 1847 పుష్య బహుళ పంచమినాడు సిద్ధిపొందినారు. తంజావూరు ప్రభువు ఆస్థానానికి ఆహ్వానిస్తే నిధి కన్న సన్నిధియే మేలనుకొన్నారని పెద్దలు చెబుతారు. ఆయనకు రాగిరేకులు లేవు. రాగి కొనే స్తోమత లేదు, ఆ చింతా లేదు. ఉన్నది శిష్యులు. వాలాజాపేట వేంకటరమణ భాగవతులు, ఉమయాళ్‌పురం సోదరులు కృష్ణ, సుందర భాగవతులు, తిల్లైస్థానం రామయ్యంగారు, మానంబుచావడి వేంకటసుబ్బయ్య, ఇట్లా ఎందరో గురుసన్నిధిలో పాట నేర్చి, తమ శిష్యులకు నేర్పినారు. వాలాజాపేటవారు వ్రాసి కూడ ఉంచినారు. నేడు సుమారు ఏడు వందల కృతులు మనకు మిగిలినవి. సంఖ్యలో అన్నమయ్యవాటికంటె తక్కువే. కాని మాతువుతోపాటు ధాతువు కూడ వచ్చింది.

తెలుగువారికి ఇందులో ఒక ప్రత్యేకమైన భాగ్యం ఉన్నది. మానంబుచావడివారి వద్ద శిక్షణ పొందిన సుసర్ల దక్షిణామూర్తిశాస్త్రిగారు ఆ విద్యను కృష్ణాతీరానికి తెచ్చినారు. వారి శిష్యులు పారుపల్లి రామకృష్ణయ్య పంతులుగారు. పంతులుగారి శిష్యులు మంగళంపల్లి బాలమురళీకృష్ణగారు. కావేరి గట్టున పాడిన తెలుగు పాట నోటినుండి నోటికి నడచి కృష్ణ ఒడ్డుకు చేరింది!

ముత్తుస్వామి దీక్షితులవారి కృతులు మరొక మార్గమున వచ్చినవి. 1835లో ఎట్టయాపురంలో ఆయన సిద్ధిపొందినారు. తమ్ముడు బాలుస్వామికి దౌహిత్రుడై దత్తుడైన సుబ్బరామ దీక్షితులు, ఇంటి విద్యనంతా స్వరసహితంగా గ్రంథస్థం చేసినారు. చిన్నస్వామి ముదలియారు అనే క్రైస్తవుడు పట్టుబట్టి ప్రోత్సహించగా, ఎట్టయాపురం సంస్థానం ఆదరణతో 1904లో సంగీత సంప్రదాయ ప్రదర్శిని వెలువడింది. సంస్కృత కృతులున్న ఆ మహాగ్రంథం తమిళదేశంలో తెలుగులిపిలో అచ్చయింది. ఇంటి గుట్టుగా దాచుకొనే విద్యను లోకం ముందు పరచుటకు ఎంత ఔదార్యం కావలె!

చివరగా ఒక తల్లి. త్యాగరాజస్వామి సమాధి పాడుపడి ఉన్నదని విని బెంగుళూరు నాగరత్నమ్మగారు కలత చెందినారు. దేవదాసీ కుటుంబంలో పుట్టి, పాటతో ఆర్జించిన ధనాన్ని వెచ్చించి ఆలయం కట్టించగా 1925లో కుంభాభిషేకం జరిగింది. అయినా ఆరాధనలో స్త్రీలు పాడుటకు ఆనాటి నిర్వాహకులు అంగీకరించలేదు. ఆమె అలిగి వెళ్ళిపోలేదు. స్త్రీలచేత వేరుగా ఆరాధన జరిపించినారు. తరువాత కొన్నేళ్ళకు అందరూ ఏకమైనారు. 1952లో ఆమె గతించగా స్వామి సన్నిధికి ఎదుటనే ఆమెకు సమాధి ఏర్పడింది. పాటను రక్షించే అధికారం పుట్టుకను బట్టి రాదు, ప్రేమను బట్టి వస్తుందనుటకు ఇంతకంటె నిదర్శనమేమి కావలె?

దేవునికి కావలసినది భక్తిగాని రాగమా అని కొందరు అడుగుతారు. నిజమే, శ్రుతి కలవనివాని మొర స్వామి ఆలకించకపోడు. కాని పూజకు కల్పము ఉన్నట్లే, ఆ మహానుభావులు సమర్పించిన అర్చనకు రాగమే విధానం. నోరు తిరగనివాడు నామం చెప్పుకొనవచ్చు. నేర్వగలవాడు నేర్వకుండుట మాత్రం ఉపేక్ష.

ఆ మహాత్ములు తమ పాట నిలవవలెనని కోరుకొనలేదు. స్వామికి అర్పించి తమ పని ముగించినారు. నిలిపే భారం మనకు విడిచినారు. ఇప్పుడు పాటలు యంత్రములలో కావలసినన్ని ఉన్నవి. యంత్రం రాగిరేకు వంటిది. దాచగలదు, పాడిన వరుసను కూడ వినిపించగలదు. కాని బిడ్డ తప్పు పాడితే సరిదిద్దలేదు. అది గురువు చేయవలె, తల్లి చేయవలె. అన్నమయ్య అర మూసి ఉన్న కాలంలో రేకులకు ఏ లోటూ రాలేదు. లోటంతా పాడేవారిలోనే.

కనుక ప్రతి ఇంటా ఒక్క కీర్తననైనా తెలిసినవారి వద్ద కూర్చుని సక్రమంగా నేర్చుకొనండి. అర్థం తెలుసుకొనండి. సాయంకాలం దీపం పెట్టినవేళ పిల్లలను ప్రక్కన కూర్చుండబెట్టుకొని పాడించండి. పాడలేనివారు నేర్పేవారిని ఆదరించండి. ఈ ఋణం తీర్చుకొనుటకు ఇదే మార్గం.

స్వస్తి.