ఏటికొక ఘడియ



నా చిన్నతనమున మా యూర నొక యేకాదశినాడు వింత జరిగినది. వీథికి తూర్పువైపువారు ఉపవాస ముండిరి. పడమటివైపువారు ఆ దినము భోజనము చేసి మఱునా డుపవసించిరి. ఉభయుల చేతులలోను పంచాంగములే యుండెను. ఉభయ పురోహితులును పండితులే. రచ్చబండ కడ కూర్చున్న యొక వృద్ధుడు, “ఆకాశమున చంద్రు డొక్కడే గదా, తిథులు రెండెట్లైనవయ్యా?” యని యడిగెను. ఆనా డెవ్వరును బదులు చెప్పలేదు. నేటి నా ప్రసంగ మా ప్రశ్నను గూర్చియే.

కాలమును అభ్యసించుటకే యొక విద్యాస్థాన ముండిన నెంత బాగుండునని మన మనుకొనవచ్చును. అట్టిది మనకు చేరువనే యుండెను. 1786లో విలియం పెట్రీ యను కంపెనీ యుద్యోగి చెన్నపట్టణమున ఎగ్మూరులో సొంతముగా నొక నక్షత్రశాల నేర్పఱచుకొనెను. పిదప కంపెనీవారే దానిని చేపట్టి 1792లో నుంగంబాకమున భవనము కట్టించిరి. దుర్భిణి నిలుపుట కచ్చట నాటిన రాతి స్తంభముపై లాటిను, తమిళము, హిందుస్తానీలతోపాటు మన తెలుగునను శాసనము చెక్కించిరి. ఆ స్తంభము నేటికిని నిలిచియున్నది.

అచ్చటివారి పని యేమనగా, తెలిసిన నక్షత్రము నడినెత్తి గీతను దాటు క్షణమును కనిపెట్టి, దానినిబట్టి గడియారమును సరిదిద్దుట. గ్రీనిచ్చి కాలముకంటె 5 గంటల 21 నిమిషముల 14 సెకండ్లు ముందుండు ఆ “మద్రాసు కాలము”నే రైళ్లు చిరకాల మనుసరించినవి. 1906 జనవరి 1వ తేదీనుండి దేశమంతటికి నొక్క కాలము వచ్చెను. అది 82½ డిగ్రీల రేఖ ననుసరించినది. ఆ రేఖ మన తుని పరిసరములనుండియే పోవుచున్నది.

ఆ నక్షత్రశాలలో చింతామణి రఘునాథాచార్యు లను పండితుడు మొదటి సహాయకుడుగా నుండెను. 1867లో నాయన వెలుగు హెచ్చుచు తగ్గుచు నుండు నొక నక్షత్రమును కనుగొనెను. 1868 ఆగష్టు 18వ తేదీ సంపూర్ణ సూర్యగ్రహణమును పరిశీలించుటకు వనపర్తికి వచ్చెను. రాత్రులు దుర్భిణిలో చూచిన దొకటి, ఉదయము పంచాంగములో కనబడున దింకొకటి. అందుచే నాయన కంటికి కనబడు ఆకాశముతో సరిపోవు దృగ్గణిత పంచాంగమును ప్రకటించెను. ఇది పూర్వులను ధిక్కరించుట కాదు. లెక్క ఆకాశముతో తప్పినప్పుడు బీజసంస్కారము చేసి సరిదిద్దుట మన జ్యోతిషమున పూర్వాచారమే.

ఇక తప్పెంతయో చూతము. సూర్యసిద్ధాంతము చెప్పు సంవత్సరమున 365 దినములపై 15 ఘడియల 31 విఘడియలు కలవు. ఋతువులు తిరిగివచ్చుటకు పట్టు కాల మంతకంటె దాదాపు 24 నిమిషములు, అనగా ఒక ఘడియ, తక్కువ. ఏటి కొక్క ఘడియయే గదా యని తలపవచ్చును. కాని ప్రభవ మొదలు అక్షయ వఱకు అఱువది యేండ్లు తిరుగునప్పటి కా ఘడియ లఱువదియు చేరి యొక దినమగును. పదునాలుగు వందల యేండ్లలో నది 23 దినములైనది. అందువలననే సూర్యుడు ఉత్తరమునకు మరలునది డిసెంబరు 22వ తేదీ ప్రాంతమునను, మనము మకర సంక్రాంతి జరుపుకొనునది జనవరి 14, 15 తేదీలలోను అగుచున్నది.

ఇది పండితుల వాదము మాత్రమే కాదు, కర్షకుని సంగతియు. కార్తెలు నక్షత్రములను పట్టి నడచును. వానలు ఋతువును పట్టి నడచును. ఆర్యభటుని కాలమున మృగశిర కార్తె నేటి మే నెల నడిమి ఋతువున వచ్చుచుండెను. ఇప్పుడు జూను 7, 8 తేదీలలో వచ్చుచున్నది. విత్తనమును కార్తె పేరుతో గాక నేల పదునుతో కూడ చూడవలెనని యనుభవజ్ఞులైన రైతులు చెప్పుట యిందుచేతనే సరియైన మాట.

నా మాట నమ్మవలదు; మీరే పరీక్షింపుడు. గుడి ముంగిట సమతలమున పది యడుగుల గడను నిట్టనిలువుగా పాతుడు. డిసెంబరు రెండవ వారమునుండి ప్రతిదినము నీడ మిక్కిలి పొట్టిదైన వేళ గుర్తు పెట్టుడు. గోదావరి ప్రాంతమున డిసెంబరు 22న నా నీడ యించుమించు 8 అడుగుల 6 అంగుళము లుండును. సంక్రాంతినాటి కది 7 అంగుళములు తగ్గియుండును. సూర్యుడు మూడు వారములకు పూర్వమే మరలెనని మీ గడయే సాక్ష్యము చెప్పును.

1952లో ప్రభుత్వమువారు మేఘనాథ్ సాహా అధ్యక్షతన నొక సంఘము నేర్పఱచిరి. దేశమున ముప్పది విధములైన పంచాంగములు వాడుకలో నున్నట్లు వారు కనుగొనిరి. వారి సూచనపై 1957 మార్చి 22వ తేదీ శకము 1879 చైత్రము 1వ తేదీగా జాతీయ పంచాంగము వెలసినది. నేడు ఢిల్లీలోని యంత్రములు అణువుల స్పందనములచే సెకండును కొలుచుచున్నవి. ఐనను తిథుల తగవు పూర్తిగా తీరలేదు.

ఆనాటి వృద్ధుని ప్రశ్నకు సమాధాన మిది: చంద్రు డొక్కడే; లెక్కలు రెండు. ఒకటి పూర్వపు లెక్క, రెండవది దృగ్గణితము. రెంటికిని తిథి ముగియు వేళ కొన్ని ఘడియలు భేదించును. సంక్రాంతి పండుగను మానుమని నేను చెప్పుట లేదు. పంట యింటికి వచ్చిన సంతోషమునకు గణితముతో పనిలేదు. కాని మీ గ్రామమున పంచాంగ శ్రవణము జరుగు నాడు, “అయ్యా, ఇది యే సిద్ధాంతముపై గుణించినది?” యని యొక్క ప్రశ్న వినయముగా నడుగుడు. పెద్దలందఱు కూడి యొక్క పంచాంగము నంగీకరింతురేని, ఒకే వీథిలో రెండు ఏకాదశులు రావు. ఏటికొక ఘడియ జారిపోవుచుండగా మన పూర్వులు చూచుచు నూరకుండలేదు, మనమును ఊరకుండరాదు.

సెలవు.