పీజ్ గ్రామపు దూరదర్శనము

గుజరాత్ రాష్ట్రమున ఖేడా జిల్లాలో, నడియాద్ పట్టణమునకు చేరువగా, పీజ్ అను గ్రామము కలదు. 1975 మొదలు 1985 వరకు పది సంవత్సరముల పాటు ఆ గ్రామమున ఒక చిన్న దూరదర్శన ప్రసార యంత్రము పనిచేసినది. దాని శక్తి ఒక్క కిలోవాటు మాత్రమే. అది ముఖ్యముగా ఉద్దేశింపబడినది ఖేడా జిల్లాలోని సుమారు 400 గ్రామములకు. ఐనను గ్రామీణులకు విషయములను తెలియజెప్పుటలో అది చేసిన కృషికి 1984లో యునెస్కో బహుమానము లభించినది. మరుసటి సంవత్సరమే ఆ ప్రసారములు నిలిచిపోయినవి. లోకము మెచ్చిన కేంద్రము ఏడాది తిరుగకుండ ఏల మూతపడవలసి వచ్చినది? ఈ ప్రశ్నకు సమాధానము వెదకుటయే నేటి ప్రసంగమున మా ఉద్దేశము.

ముందుగా ఆ నేలను గూర్చి కొంత చెప్పవలెను. ఖేడా ప్రాంతములో అధిక భాగమును చరోతర్ అని పిలుతురు. సారవంతమైన భూమి, కష్టపడు రైతులు. సర్దార్ వల్లభభాయి పటేలు జన్మించినది ఆ నడియాద్ పట్టణముననే. పంటలు పోయిన యేట భూమి శిస్తు వసూలు చేయరాదని గాంధీమహాత్ముడు 1918లో సత్యాగ్రహము నడపినది ఈ ఖేడా జిల్లాలోనే. 1946లో ఆనంద్ పట్టణము కేంద్రముగా పాల ఉత్పత్తిదారుల సహకార సంఘము వెలసినదియు ఇచ్చటనే. నాడు ఆనంద్ కూడ ఖేడా జిల్లాలోనిదే. 1997లో అది వేరు జిల్లా అయినది. ఉదయము, సాయంకాలము గ్రామస్థులు పాలబిందెలతో సంఘపు గుమ్మము ముందు వరుసగా నిలుతురు. ఉన్నవాడైనను లేనివాడైనను పాలు కొలిచి, వెన్న పాలు చూచి, దానినిబట్టి వెల కట్టుదురు. ఈ పాల సంఘపు ముచ్చట మన కథకు అవసరమైనది. శ్రోతలు దీనిని జ్ఞాపకముంచుకొన ప్రార్థన.

ఇక దూరదర్శనము మాట. మన దేశమున అది 1959 సెప్టెంబరు 15వ తేదీన ఢిల్లీలో ప్రారంభమైనది. 1967 జనవరిలో ఢిల్లీ చుట్టునున్న 80 గ్రామముల రైతుల కొరకు 'కృషిదర్శన్' అను కార్యక్రమము మొదలైనది. బొంబాయి నగరమునకు దూరదర్శనము వచ్చుటకు 1972 వరకు ఆగవలసి వచ్చినది. ఈ నడకతో నగరము తరువాత నగరముగా సాగినచో పల్లెల వంతు ఎన్నడు వచ్చును? డాక్టరు విక్రమ్ సారాభాయి మనస్సును కలచినది ఈ ప్రశ్నయే. దూరదర్శనము ముందు పల్లెకు పోవలెను, అందుకు ఉపగ్రహము సాధనము కావలెను అని ఆయన తలంచెను. అమెరికా అంతరిక్ష సంస్థతో 1969లో ఒడంబడిక కుదిరినది. దాని ఫలితము చూడకుండగనే 1971 డిసెంబరు 30వ తేదీన సారాభాయి కన్ను మూసెను.

ఆయన తలచిన కార్యము 1975 ఆగస్టు 1వ తేదీన నెరవేరినది. అమెరికావారు ఏడాదికి ఎరువిచ్చిన ఉపగ్రహము ద్వారా ఆరు రాష్ట్రములలోని 2,400 గ్రామములకు నేరుగా కార్యక్రమములు ప్రసారమైనవి. ఆ ఆరింటిలో మన ఆంధ్రప్రదేశ్ ఒకటి. నాటి హైదరాబాదు, మెదకు, మహబూబ్‌నగర్, కర్నూలు జిల్లాల పల్లెలలో పది అడుగుల తీగవల గొడుగులు నిలిపి, వాని సాయమున గ్రామస్థులు ఆకాశము నుండి దిగివచ్చు బొమ్మలను చూచిరి. ఐతే ఉపగ్రహమునకు ఒక పరిమితి కలదు. అది ఒక వేళకు ఒక చిత్రమును, దానితోబాటు రెండు కంఠములను మాత్రమే మోయగలదు. అనగా ఒకే బొమ్మకు ఒక భాషలోను, మరియొక భాషలోను మాట చేర్చవచ్చును గాని, ఏ పల్లెకు ఆ పల్లె బొమ్మను పంపజాలదు. ఆకాశమున నున్నవాడు అందరిని చూడగలడు; ఒక్కొక్కరిని పేరు పెట్టి పిలువలేడు.

ఈ కొరతను తీర్చుటకే పీజ్ కేంద్రము అవసరమైనది. ఉపగ్రహపు కార్యక్రమమును అందుకొని తిరిగి ప్రసారము చేయుటతోబాటు, తన జిల్లాకు తానుగా కార్యక్రమములు వినిపించి చూపించుట దాని పని. కార్యక్రమములను అహమ్మదాబాదులో భారత అంతరిక్ష పరిశోధన సంస్థవారి స్టూడియోలో తయారు చేసెడివారు. అవి సుమారు 50 కిలోమీటర్ల దూరమున నున్న పీజ్ ప్రసార స్తంభమునకు సూక్ష్మతరంగముల మార్గమున చేరెడివి. ఆ గ్రామములకు గొడుగులు అక్కరలేదు. సాధారణమైన టెలివిజన్ పెట్టె చాలును. ఆ పెట్టెలను ఊరివారందరు కూడు చోట్ల నిలిపిరి: కొన్ని ఊళ్ళలో పాఠశాలలో, కొన్ని చోట్ల పంచాయతీ ఇంటిలో, పెక్కు చోట్ల మేము పైన చెప్పిన పాల సంఘపు కట్టడములో. సాయంకాలము పాలు పోయుటకు వచ్చు చోటనే లోకవార్త చూచుటకు వీలు కలిగినది.

ఆ కార్యక్రమములలో ఏమి యుండెడిది? పశుపోషణ, వ్యవసాయము, ఆరోగ్యము సరే. అంతకన్న కష్టమైన విషయములను గూడ వారు చేపట్టిరి. 'చతుర్ మోటా' అను ధారావాహికలో తెలివిగల ఒక ఊరిపెద్దను ముందు నిలిపి వరకట్నమును గూర్చి, వితంతు వివాహమును గూర్చి చర్చించిరి. 'హు నే మారా ఏ' అను ధారావాహిక కుటుంబ నియంత్రణను గూర్చినది. ఈ పేరున ఒక సొగసు కలదు. పల్లెటూరి ఇల్లాలు పెనిమిటి పేరు పలుకదు. 'ఏ' అనగా 'ఆయన'. మన యిండ్లలో 'నేనును మావారును' అన్నట్లే. ఎక్కడనో దూరనగరమున కూర్చుండి వ్రాయువానికి ఇట్టి పేరు తోచునా? ఆ యింటి గడప త్రొక్కినవానికి గాని తోచదు. మాటలాడిన గుజరాతీ కూడ పుస్తకములలోని గుజరాతీ కాదు, చరోతర్ రైతుల నోట నలిగినది. మన వంక రాయలసీమ రైతుతో రాయలసీమ పలుకుబడిలో, పాలమూరు రైతుతో పాలమూరు పలుకుబడిలో ముచ్చటించుట వంటిది ఇది.

ఆ కేంద్రమువారి పద్ధతి వేరుగా గమనింపదగినది. కార్యక్రమము వ్రాయుటకు ముందు పరిశోధకులు పల్లెలకు పోయి, అచ్చటి వారికి ఏది తెలియును, ఏది తెలియదు, దేనికి జంకుదురు అని విచారించెడివారు. ప్రసారమైన పిమ్మట మరల పోయి, చెప్పినది ఎంత వరకు చెవికెక్కినదో కనుగొనెడివారు. గ్రామస్థులే కొన్నింటిలో నటించిరి. కొన్నింటి రచనలో పాలుపంచుకొనిరి. రేడియో శ్రోతలకు ఇది బొత్తిగా క్రొత్త మాట కాదు. 1956లో పూనా ఆకాశవాణివారు 150 గ్రామములలో రైతుల శ్రవణ సంఘములను ఏర్పరచి, వినుట, చర్చించుట, ఆచరించుట అను మూడు మెట్ల పద్ధతిని నడపిరి. ఆ చెట్టుకే పీజ్ మరియొక కొమ్మ యని చెప్పవచ్చును. చెప్పువాడు వినువానిని ఎరుగుట, వినువాడు బదులు పలుకుట ఆ పద్ధతికి ప్రాణము.

1976 జూలై 31వ తేదీతో ఉపగ్రహపు గడువు తీరినది. 2,400 గ్రామముల మీద వెలుగు ప్రసరించిన ఉపగ్రహము తన దారిని తాను పోయెను. మన తెలుగు పల్లెలలో కొన్నింటికి 1977లో హైదరాబాదు కేంద్రము వచ్చిన పిమ్మట మరల బొమ్మ కనబడినది. ఆ కేంద్రమునకు అందనంత దూరమున నున్న పల్లెల గొడుగులు అట్లే నిలిచినవి. ఖేడాకు మాత్రము ఆ చిక్కు రాలేదు. ప్రసార స్తంభము నేల మీద నున్నది గదా! పీజ్ కేంద్రము తన దారిన నడచుచునే యుండెను. ఎరువు సొమ్మునకు, ఇంటి సొమ్మునకు గల భేదము అప్పుడు అందరకు కనబడినది.

కాని అది నిజముగా ఇంటి సొమ్మేనా? ఇచ్చటనే మన ప్రశ్నకు సమాధానము దాగియున్నది.

1982లో ఢిల్లీలో ఆసియా క్రీడలు జరిగినవి. రంగుల దూరదర్శనము వచ్చినది. 1983లో మన ఇన్సాట్ ఉపగ్రహము ఆకాశమున నిలిచినది. 1984లో దేశమంతట చిన్న చిన్న ప్రసార యంత్రములను వేగముగా నాటిరి. వానిలో పెక్కింటి శక్తి నూరు వాట్లు. అనగా పీజ్ యంత్రపు శక్తిలో పదియవ వంతు. చిన్న కేంద్రములకు మంచి రోజులు వచ్చినవని ఎవరైనను అనుకొందురు. కాని పీజ్ చిన్నదైనను దానికి సొంత నోరు కలదు. ఈ క్రొత్త యంత్రములు ఢిల్లీ పలికిన మాటను పలుకుటకు మాత్రమే ఏర్పడినవి. దేశమంతయు ఒకే వేళ ఒకే బొమ్మ చూచుట గొప్ప సంగతి యని మేమును ఒప్పుకొందుము. ఐతే ఆ వెల్లువలో ఒక జిల్లాకు ప్రత్యేకముగా మాటలాడు కేంద్రము అనవసరపు ఖర్చుగా కనబడినది.

1985లో పీజ్ ప్రసారములు నిలిచినవి. ఆ యంత్రమును మద్రాసు నగరమున రెండవ ప్రసార మార్గము కొరకు తరలింపదలచిరి. ఒక ఛానల్ గల నగరమునకు రెండవది యిచ్చుటకై, తనదని చెప్పుకొను ఒక్కటి గల పల్లెల నుండి దానిని తీసికొనుట ఆ నిర్ణయపు సారాంశము. గ్రామస్థులు ఊరకుండలేదు. యంత్రమును కదలనీయరాదని నిరసన తెలిపిరి. కాని ప్రసారములు మాత్రము తిరిగి రాలేదు.

ఇప్పుడు పాల సంఘమును మరల జ్ఞప్తికి తెచ్చుకొందము. అదే జిల్లా, ఆ రైతులే, పెక్కు ఊళ్ళలో ఆ కట్టడమే. ఒక మూల పాల లెక్క. మరియొక మూల టెలివిజన్ పెట్టె. పాల సంఘము 1946లో పుట్టి నేటికిని నిలిచియున్నది. దూరదర్శనము పదేండ్లకు అంతరించినది. భేదమేమి? పాల సంఘమున రైతు సభ్యుడు. అతనికి ఓటు కలదు, వాటా కలదు, లెక్క అడుగు హక్కు కలదు. దానిని మద్రాసుకు తరలింతుమని ఎవరైనను అనగలరా? దూరదర్శనమున అతడు ప్రేక్షకుడు. అప్పుడప్పుడు నటుడు, సలహాదారు. తాళపు చెవి మాత్రము అతని చేతిలో లేదు. ఖర్చు భరించినది ప్రభుత్వము, నిర్ణయించినది ప్రభుత్వము. ఆ కేంద్రమున పనిచేసినవారి శ్రద్ధయందు లోపము లేదు. గ్రామస్థుల ప్రేమయందును లోపము లేదు. ప్రేమ యున్నను హక్కు లేకపోయెను.

ఈ పాఠము వ్యర్థము కాలేదని చెప్పుటకు మన తెలుగునాటనే ఒక నిదర్శనము కలదు. ఆకాశ తరంగములు ప్రజల ఆస్తి యని 1995లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పినది. 2006లో స్వచ్ఛంద సంస్థలును సామాజిక రేడియో నడుపుకొనవచ్చునని కేంద్ర ప్రభుత్వము అనుమతించినది. 2008 అక్టోబరు 15వ తేదీన, నాటి మెదకు జిల్లాలో జహీరాబాదు దాపున నున్న మాచ్‌నూరు గ్రామమున, దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘముల స్త్రీలు 'సంఘం రేడియో'ను ప్రారంభించిరి. వారిలో అధికులు దళిత స్త్రీలు; చిన్నకారు సేద్యగాండ్రు. జొన్న, సజ్జ, కొర్ర పంటలను గూర్చి, విత్తనములు దాచుకొను తీరును గూర్చి, పండుగ పాటలను గూర్చి తమ పలుకుబడిలో తామే పలికిరి. యంత్రము నడపినదియు వారిలోని స్త్రీలే. 1975లో ఆకాశపు బొమ్మను గొడుగు పట్టి అందుకొన్న ఆ మెదకు జిల్లాయే, మూడు దశాబ్దముల పిమ్మట తన గొంతుతో తాను మాటలాడినది. పీజ్ గ్రామస్థులు కోరినను దక్కించుకొనలేకపోయినది, మాచ్‌నూరు స్త్రీలు మొదటనే చేతబట్టిరి.

చిన్న కేంద్రము పెద్ద కేంద్రమునకు పోటీ కాదు. పెద్ద కేంద్రము దేశమును గూర్చి చెప్పును. చిన్నది ఊరిని గూర్చి చెప్పును. మన యింట రేడియో ముందు కూర్చుండునపుడు ఢిల్లీ వార్తలును కావలెను; మన చెరువు నిండినదా, మన సంతలో ధర ఎంత అను మాటయు కావలెను. మొదటిది లేనిచో లోకము తెలియదు. రెండవది లేనిచో లోకమునకు మనము తెలియము. అట్టి చిన్న కేంద్రము మీ చుట్టుపట్ల ఎక్కడనైనను నెలకొన్నచో, దానిని విని సంతోషించుటతో తృప్తిపడక, అది ఎవరిది, దాని తాళపు చెవి ఎవరి యొద్ద నున్నది అని ఒక్క మాట విచారింపుడని శ్రోతలకు మా మనవి.