ఎనభై ఒక్క రోజుల వీరుడు
(వార్షిక సభలో చేసిన ప్రసంగ పాఠం)



ఆటల గురించి నాలుగు ముక్కలు చెప్పమని కార్యదర్శి గారు మమ్మల్ని ఆదేశించారు. క్రికెట్టే చెప్తామని మీరు ఆశపడుతున్నట్టుంది. క్షమించాలి. కెన్యా దేశపు హెన్రీ రోనో సంగతి చెప్పదలిచాం.

రోనో 1952లో నంది తెగలో పుట్టాడు. అదే తెగకు చెందిన కిప్ కైనో అతనికి ఆదర్శం. 1976లో అమెరికా వెళ్ళి వాషింగ్టన్ స్టేట్ విశ్వవిద్యాలయంలో చేరాడు. గడ్డి, బురద, ఎత్తుపల్లాల మీద సాగే క్రాస్ కంట్రీ పరుగులో 1976, 1977, 1979లలో అక్కడి విశ్వవిద్యాలయాలన్నిటికీ ప్రథముడు. ఇక స్టీపుల్‌చేజ్ సంగతి. 3000 మీటర్ల పరుగు. దారిలో 28 సార్లు మూడడుగుల అడ్డుకర్ర దాటాలి, ఏడుసార్లు నీటిగుంట దూకాలి. ఆ కర్ర మామూలు హర్డిల్‌లా తగిలితే పడిపోదండీ, మనమే పడతాం!

1978లో ఏం జరిగిందో వినండి. ఏప్రిల్ 8న 5000 మీటర్లలో ప్రపంచ రికార్డు. మే 13న స్టీపుల్‌చేజ్‌లో 8 నిమిషాల 5.4 సెకన్లు. జూన్ 11న వియన్నాలో 10,000 మీటర్లు. జూన్ 27న ఓస్లోలో 3000 మీటర్లు. 81 రోజుల్లో నాలుగు ప్రపంచ రికార్డులు! అప్పటికింకా అతను కాలేజీ విద్యార్థి. ఆ స్టీపుల్‌చేజ్ రికార్డు 1989 దాకా నిలిచింది. దాన్ని చెరిపిన పీటర్ కోయెచ్ కూడా కెన్యావాడే, అదీ సెకనులో ఇరవయ్యో వంతు తేడాతో.

మరి ఒలింపిక్ పతకం ఏదీ అంటారు. లేదు. అసలు పరిగెత్తనే లేదు. వర్ణవివక్ష పాటించే దక్షిణాఫ్రికాకు న్యూజీలాండ్ రగ్బీ జట్టు వెళ్ళిందని 1976లో ఆఫ్రికా దేశాలు మాంట్రియల్‌ను బహిష్కరించాయి. ఆ బహిష్కరణ న్యాయమైనదే అని మా అభిప్రాయం. 1980లో మాస్కోకూ కెన్యా వెళ్ళలేదు. దాన్ని గురించి మాత్రం అంత గట్టిగా అనలేం. న్యాయం ఎటున్నా, మూల్యం కట్టింది ఆటగాళ్ళు.

తర్వాతి కథ చెప్పడానికి మనసొప్పదు. తాగుడు పట్టుకుంది. ఆ స్థితిలోనే 1981లో నార్వేలో 5000 మీటర్ల రికార్డును తానే మళ్ళీ తిరగరాశాడంటే ఆ ఒంట్లో ఎంత సత్తువ ఉండేదో ఊహించండి. అదే ఆఖరు. డబ్బు పోయింది. పరాయి దేశంలో ఇల్లూవాకిలీ లేని రోజులు గడిపాడు. విమానాశ్రయంలో సామాన్లు మోశాడు. ఇవన్నీ తన ఆత్మకథలో తానే దాచకుండా రాసుకున్నాడు.

ఈ మాట మన హాస్టల్ కుర్రాళ్ళలో ఒకరిద్దరికి తగలొచ్చు. తగలనీయండి. పెద్దలకూ ఒక మాట ఉంది. గెలిచి వచ్చిన పిల్లవాడికి దండలు వేసి ఫోటోలు దిగుతాం. వాడు తూలుతూ ఇంటికొచ్చిన రాత్రి మనలో ఎంతమంది తలుపు తీస్తాం?

రోనో తాగుడు మానేశాడు. న్యూమెక్సికోలో పిల్లలకు పరుగు నేర్పాడు. 2019లో స్వదేశం చేరాడు. 2024 ఫిబ్రవరి 15న నైరోబీలో కన్నుమూశాడు. వయసు 72.

రేపటి నుంచి తెల్లవారుజామున మైదానం గేటు తెరిచి ఉంచడానికి కార్యదర్శి గారు ఒప్పుకున్నారు. బూట్లు లేనివాళ్ళు సభ అయ్యాక మాకు కొలతలు ఇచ్చి వెళ్ళండి. సెలవు.