చుక్కాని శాస్త్రమునకు కొన్ని పుస్తకములు



మీ యింటి రేడియో పెట్టెలో ఒక పనివాడు కూర్చుండి యున్నాడు. మీరు వానిని ఎన్నడును చూచి యుండరు. రాత్రివేళ దూరపు స్టేషను పెట్టినపుడు ఆకాశమార్గమున వచ్చు తరంగము ఒక క్షణము బలముగను, మరుక్షణము నీరసముగను వచ్చుచుండును. ఐనను మాటాడువాని కంఠము చాలవరకు ఒకే మట్టమున వినబడును. పెట్టెలోని ఒక చిన్న సర్క్యూటు తనకు చేరిన సంకేతము ఎంత బలముగ నున్నదో ఎప్పటికప్పుడు కొలుచుకొనుచు, అది హెచ్చినపుడు యాంప్లిఫయరును తగ్గించుచు, తగ్గినపుడు హెచ్చించుచు నుండుటయే దీనికి కారణము. అమెరికాలో హెరాల్డ్ వీలర్ అను ఇంజనీరు 1920 దశకమున దీనిని కల్పించెను. చేసిన పనికి కలిగిన ఫలితమును వెనుకకు తెచ్చి చూచుకొని, దానినిబట్టి తరువాతి పనిని దిద్దుకొను ఈ పద్ధతికి ఫీడ్‌బ్యాక్ అని పేరు. దానిని గూర్చిన శాస్త్రమే కంట్రోల్ థియరీ, అనగా నియంత్రణ శాస్త్రము.

ఈ శాస్త్రమును, దానికి తోడైన కంప్యూటరు గణనమును నేర్వగోరువారు ఏ పుస్తకములు చదువవలెనో చెప్పుటకు నేడు మీ ముందుకు వచ్చితిని. ఇది ఏ కొద్దిమందికో పనికివచ్చు విషయమని తోచవచ్చును. కాని నేడు ఇచ్ఛాపురము మొదలుకొని పలాస, టెక్కలి వరకు ఇంజనీరింగు చదువు పిల్లలు లేని వీధి అరుదు. వారి తల్లిదండ్రులు నన్ను దారిలో ఆపి, "మావాడు కంట్రోల్ సిస్టమ్స్ పేపరు తప్పినాడండి, ఏ గైడు కొనమంటారు?" అని అడుగుచుందురు. గైడు వద్దని చెప్పినచో వారికి రుచింపదు. ఎందులకు వద్దో చెప్పవలెనన్న నా కథ కొంత చెప్పక తప్పదు.

మాది డొంకూరు. శ్రీకాకుళము జిల్లాకు ఉత్తరపు కొసన, ఒడిషా సరిహద్దుకు చేరువగా సముద్రపుటొడ్డున నున్న మత్స్యకారుల గ్రామము. నా పదవయేట మా మేనమామ నన్ను తొలిసారి పడవ వెనుక కూర్చుండబెట్టి చుక్కాని నా చేతికిచ్చెను. పడవ ముక్కు కొంచెము కుడికి తిరిగినది. నేను చుక్కానిని త్రోసితిని. పడవ వెంటనే మాట వినలేదు. చాలలేదనుకొని మరికొంత త్రోసితిని. అంతట అది ఒక్కసారిగా ఎడమకు మళ్లి, ఉండవలసిన దారిని దాటిపోయెను. బెదరి రెండవ వైపునకు త్రోసితిని. ఈసారి మొదటికంటె ఎక్కువ కుడికి పోయెను. "ఎక్కువ తిప్పకురా గుంటడా! పడవ తిరగడం మొదలెట్టగానే సుక్కాని ఎనక్కి తెచ్చీయాల" అని మామ నా చేతిపై తన చేయి వేసి సరిచేసెను.

మామ చెప్పిన ఆ ఒక్కమాటను 1922 సంవత్సరమున నికొలాస్ మినోర్స్కీ అను ఆయన గణితముగా వ్రాసి ప్రచురించెను. రష్యాలో జన్మించి అమెరికా చేరిన ఈయన, నౌకాదళములో చుక్కాని పట్టువారు ఏమి చేయుదురో శ్రద్ధగా గమనించెను. నిపుణుడు ఓడ ఎంత ప్రక్కకు పోయినదో మాత్రమే చూడడు. ఎంత వేగముగా పోవుచున్నదో చూచును. ఎంతకాలముగా ఒకే వైపునకు ఒరగి యున్నదో గుర్తుంచుకొనును. ఈ మూడింటిని కలిపి చేయు దిద్దుబాటునే నేటి కర్మాగారములలో పి.ఐ.డి. కంట్రోలు అందురు. కాగితపు మిల్లులలో, చక్కెర మిల్లులలో, విద్యుత్కేంద్రములలో అడుగడుగునను ఇదియే పనిచేయుచున్నది.

పాపము, నాకు ఈ రెండింటికిని గల చుట్టరికము చదువుకొను నాళ్లలో తెలియలేదు. గైడు పుస్తకము బట్టీపట్టి, నైక్విస్టు నియమమును తప్పులేకుండ వ్రాసి, మంచి మార్కులు తెచ్చుకొంటిని. తరువాత ఒక కర్మాగారములో ఉద్యోగము దొరికినది. అచట బాయిలరులో నీటిమట్టము నిలుపు యంత్రము మందముగా పనిచేయుచున్నదని తోచి, దాని గెయిన్, అనగా తప్పునకు ప్రతిక్రియ చేయు తీవ్రత, పెంచితిని. మట్టము ఊగనారంభించెను. గాజుగొట్టములో నీరు పైకి, క్రిందికి, మరింత పైకి, మరింత క్రిందికి పోవుచుండ నేను నిశ్చేష్టుడనై నిలిచితిని. వృద్ధుడైన ఫైర్‌మన్ ఒకడు యంత్రమును తప్పించి, వాల్వును చేతితో పట్టుకొని, పది నిముషములలో శాంతింపజేసెను. బాయిలరులో చల్లని నీరు పోసినపుడు ఆవిరి బుడగలు ముడుచుకొని మట్టము ముందుగా తగ్గినట్లు కనబడును. తొందరపడువాడు మరింత నీరు పోయును. ఇది ఆతనికి తెలియును. నాకు పట్టా ఉండియు తెలియదు. పదవయేట డొంకూరు సముద్రముమీద చేసిన తప్పునే ఇరువదిమూడవయేట ఉక్కుపాత్రముదగ్గర మరల చేసితినని ఆ రాత్రి గాని స్ఫురింపలేదు.

కనుక నేను మొదట చదువుమనునది సమస్యలు సాధించిపెట్టు పుస్తకము కాదు. స్వీడనుకు చెందిన కార్ల్ ఆస్ట్రోమ్, అమెరికాలోని కాల్‌టెక్‌కు చెందిన రిచర్డ్ మర్రే కలిసి వ్రాసిన 'ఫీడ్‌బ్యాక్ సిస్టమ్స్' అను గ్రంథము 2008లో ప్రిన్స్‌టన్ విశ్వవిద్యాలయ ముద్రణాలయమునుండి వెలువడెను; 2021లో రెండవ కూర్పు వచ్చెను. సైకిలు ఏల పడిపోదు, మోటారుకారు ఎత్తు ఎక్కునపుడు వేగమును యంత్రము ఎట్లు నిలుపును అను ప్రశ్నలతో నడచు పుస్తకము. గణితమును తప్పించదు, కాని ప్రతి సమీకరణము వెనుక ఒక వస్తువును చూపును. గ్రంథకర్తలే దీని ప్రతిని ఇంటర్నెట్టులో ఉచితముగ నుంచినారు. గైడునకు పెట్టు ఖర్చుకూడ లేదు గదా!

పరీక్షకు పుస్తకము కావలెనందురా, మన దేశస్థులైన నాగరథ్, గోపాల్ వ్రాసిన 'కంట్రోల్ సిస్టమ్స్ ఇంజనీరింగ్' 1970 దశకమునుండి మన కళాశాలలలో తరతరములను గట్టెక్కించినది. ఒగాటా గ్రంథము 1970లో వచ్చినది. లావుపాటిది, ఓపికగలవారికి మంచిది. రెంటిలో ఒకటి చాలును. సైబర్నెటిక్స్ అను మాటను ప్రచారములోనికి తెచ్చిన నార్బర్ట్ వీనర్ గ్రంథము 1948 నాటిది. ఆ మాట గ్రీకుభాషలో చుక్కాని పట్టువానికి పేరు. మన సంస్కృతములో కర్ణధారుడన్న పదమునకు సరిజోడు. వీనర్ 1955-56లో కలకత్తాలోని ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూటులో ఉండి పాఠములు చెప్పెను. ఆయన గ్రంథము యశస్సు పెద్దది. కాని దానితో ఇంజనీరింగు నేర్వబూనుట తగదు. ఉపోద్ఘాతమును చదివి ఆనందించి, నడుమనున్న గణితమును పిమ్మటికి వాయిదా వేయుట మేలు.

మన తెలుగువారిలో ఈ శాస్త్రమున అగ్రశ్రేణి పండితుడొకరు కలరు. మాతుకుమల్లి విద్యాసాగర్ 1947లో గుంటూరులో జన్మించిరి. 1989 నుండి బెంగుళూరులోని కృత్రిమ మేధ, రోబో పరిశోధనాకేంద్రమునకు డైరెక్టరుగా నుండిరి; 2012లో లండను రాయల్ సొసైటీకి ఫెలోగా ఎన్నికైరి. వారి 'నాన్‌లీనియర్ సిస్టమ్స్ అనాలిసిస్' 1978 నాటిది. ఒక శక్తికి ఒక ఫలితము, రెట్టింపు శక్తికి రెట్టింపు ఫలితము అను సులభసూత్రము చెల్లని యంత్రములను గూర్చిన గ్రంథమది. ప్రారంభకులు దీని జోలికి పోరాదు. గణితము గట్టిపడిన పిదప చదివినవారు మరల మరల దానివద్దకే వత్తురు.

ఇక మన ప్రాంతమునకు మిక్కిలి దగ్గరైన ఒక విషయము. హిరమండలముదగ్గర గొట్టా బ్యారేజీనుండి వంశధార ఎడమ కాలువ బయలుదేరి, నూరు కిలోమీటర్లకు పైబడి ప్రవహించి, టెక్కలి మీదుగా పలాస వైపునకు వచ్చుచున్నది. కాలువ తలయందు గేటు ఎత్తిన నీరు గంటకు రెండు మూడు కిలోమీటర్లు నడచినదనుకొందము. శివారు ఆయకట్టునకు చేరుటకు రెండు దినములకు అటునిటుగా పట్టును. శివారు రైతు మడి ఎండినదని మొరపెట్టుకొన్న దినమున గేటు ఎత్తుదురు, నీరు కానరాదు, మరునాడు మరికొంత ఎత్తుదురు. మూడవనాడు వాన కురియవచ్చును. అప్పుడు ఎత్తిన నీరంతయు ఒక్కమారుగా వచ్చి పడును. గట్టు తెగిననాడు తప్పు లస్కరు మీద వేయుదురు. పదేండ్ల బాలుని చేతిలోని చుక్కానికిని, ఈ గేటునకును భేదమేమి? అచట ఆలస్యము కొన్ని క్షణములు, ఇచట దినములు. అంతియే.

ఈ ఆలస్యము నియంత్రణ శాస్త్రమున అన్నిటికంటె మొండి శత్రువు. ఓటో స్మిత్ అను అమెరికను ఆచార్యుడు 1957లో దీనికొక ఉపాయము చెప్పెను. పంపిన నీటిలో ఎంత ఇంకను దారిలోనే ఉన్నదో లెక్క వ్రాసుకొనుము. అది చేరిన పిదప మట్టమెంత ఉండునో ముందుగా గణించుము. ఆ లెక్కనుబట్టి నేడు గేటు కదల్చుము. చెప్పుటకు ఇంత సులువు. కాని దారిలో ఎవరో ఆయిల్ ఇంజను పెట్టి నీరు తోడుకొన్నచో లెక్క తప్పును. ఆ తప్పును సైతము ఎట్లు సహింపవలెనో తెలిసికొనుటకు లిట్రికో, ఫ్రోమియన్ అను ఫ్రెంచి పరిశోధకులు 2009లో ప్రచురించిన 'మోడలింగ్ అండ్ కంట్రోల్ ఆఫ్ హైడ్రోసిస్టమ్స్' అను గ్రంథమున్నది. కాలువలలో నీరు నడచు తీరును, గేట్ల నియంత్రణమును దానియందు విపులముగా చెప్పినారు. నీటిపారుదల శాఖలో కొలువు చేయగోరు యువకులు ఒకమారైనను దీనిని తెరచి చూడవలెనని నా కోరిక. అందరు రాకెట్లను గూర్చి చదువుదురు. కాలువను గూర్చి చదువువారు అరుదు. శివారు రైతునకు మాత్రము కాలువయే ప్రాణము.

కంప్యూటరు మాటకు వత్తును. 1960లో రుడోల్ఫ్ కాల్మన్ అను గణితవేత్త, లెక్క చెప్పిన ఊహను, కొలత చూపిన నిజమును వాటి వాటి నమ్మకమునకు తగిన పాళ్లలో కలుపు పద్ధతిని ప్రకటించెను. చంద్రునివద్దకు పోయిన అపోలో నౌకలు దానిని వాడుకొన్నవి. వాతావరణ గణనములో దాని సంతతి నేటికిని ఉన్నది. 2018 అక్టోబరు 11న తిత్లీ తుపాను పలాసకు సమీపమున తీరము దాటి ఉద్దానపు కొబ్బరి, జీడి తోటలను నేలగూల్చినది. తుపాను మార్గమును గూర్చిన అంచనా గంట గంటకు మారుచుండగా, "వీరి మాట నిలకడ లేదు" అని మనము విసుగుకొందుము. క్రొత్త కొలత వచ్చినకొలది పాత ఊహను దిద్దుకొనుట నిలకడ లేకపోవుట కాదు; చుక్కాని పట్టుట.

గణన పద్ధతులకు రాజారామన్ వ్రాసిన 'కంప్యూటర్ ఓరియెంటెడ్ న్యూమరికల్ మెథడ్స్' 1971 నాటిదైనను చిన్నది, స్పష్టమైనది, అగ్గువది. దానిపిమ్మట హామింగ్ 1962లో వ్రాసిన గ్రంథము. అంకెలు రాబట్టుటకంటె అర్థము రాబట్టుట ముఖ్యమని పట్టుబట్టిన రచయిత ఆయన. కంప్యూటరు లెక్కలో చిన్న తరుగు ఏమి చేయునో ఒక్క ఉదాహరణము చెప్పెదను. 1991 ఫిబ్రవరి 25న సౌదీ అరేబియాలోని దహ్రాన్‌లో పేట్రియట్ అను క్షిపణి నిరోధక యంత్రము గురి తప్పెను. దాని గడియారము సెకనులో పదవవంతు చొప్పున లెక్కించును. పదవవంతును రెండంకెల గణితములో వ్రాయబోయిన భిన్నము ముగియదు, కొస కత్తిరింపవలసినదే. ఆ కత్తిరింపు నూరు గంటలు ప్రోగుపడి సెకనులో మూడవవంతు ఐనది. ఆ వ్యవధిలో శత్రుక్షిపణి అరకిలోమీటరునకు పైగా సాగిపోవును. ఇరువదియెనిమిదిమంది సైనికులు మరణించిరి.

అభ్యాసము చేయుటకు ఖరీదైన సాఫ్టువేరు అక్కరలేదు. సైలాబ్ అనునది ఉచితము. దానిని నేర్పు పాఠములను బొంబాయి ఐ.ఐ.టి. వారు స్పోకెన్ ట్యుటోరియల్ అను పథకమున అందించినారు. ఆ పథకపు పాఠములు తెలుగుతో సహా పలు భారతీయభాషలలో లభించును. బాయిలరు సమీకరణమును దానిలో పెట్టి, నావలె గెయిన్ పెంచి చూచిన పిల్లవానికి ఏ ప్రమాదమును లేకుండ ఆ ఊగిసలాట కంటికి కనబడును.

పుస్తకము కాదుగాని ఒక వ్యాసము చెప్పి విరమింతును. గుంటర్ స్టైన్ అను ఇంజనీరు 1989లో చేసిన ఉపన్యాసము, 'రెస్పెక్ట్ ది అన్‌స్టేబుల్' అను పేర 2003లో అచ్చయినది. కొన్ని పుటలే. చేతిలో నిలువని స్వభావముగల యంత్రములతో ఆటలాడరాదని చెప్పుచు, 1986 నాటి చెర్నోబిల్ అణుకేంద్ర ప్రమాదమును ఆయన విప్పి చూపినాడు. గణితము రానివారు కూడ సగము గ్రహింపగలరు. మీ యింటి పిల్లవానికి రెండే కొనిపెట్టగలిగినచో నాగరథ్, గోపాల్‌ల పుస్తకమును, రాజారామన్ పుస్తకమును కొనుడు. ఆస్ట్రోమ్, మర్రేల గ్రంథము ఉచితమే గనుక మొదట దానినే తెరువుమనుడు. తెరచునపుడు ప్రక్కన పెన్సిలు, తెల్లకాగితము ఉండవలెను. వీలైనచో ఒక ఆదివారము వానిని పడవ ఎక్కించి, చుక్కాని పట్టువాని చేతులను కొంతసేపు చూడుమనుడు.