ఈక నాచులను గుర్తించడం

స్వీడన్, ఫిన్లాండ్, కెనడాల స్ప్రూస్, పైన్ అడవుల్లో నేలను తివాచీలా కప్పేవి ఈక నాచులు. వీటికి వేళ్లు లేవు. ఆకులతోనే నీరు పీలుస్తాయి. ఒక కొమ్మను తడిపి చూడండి. పలుచని ఆకుల మాటున ఎర్రటి కాండం కనబడితే అది ప్లూరోజియం కావచ్చు. తొందరపడకండి, హైలోకోమియం కాండమూ ఎరుపే. అయితే అది మెట్లుమెట్లుగా ఎదుగుతుంది. నిరుటి కొమ్మ వీపు మీంచి ఏటా కొత్త మెట్టు లేస్తుంది కనుక మెట్లు లెక్కిస్తే వయసు తెలుస్తుంది. అచ్చం నిప్పుకోడి ఈకలా ఉంటే టిలియం.

ప్లూరోజియం ఆకుల సందుల్లో నాస్టాక్ అనే సయనోబాక్టీరియా కాపురముంటుంది. అది గాలిలోని నత్రజనిని హెక్టారుకు ఏటా 1.5 నుంచి 2 కిలోల దాకా స్థిరీకరిస్తుందని ఉత్తర స్వీడన్ అడవుల్లో పరిశోధించినవారు 2002లో వెల్లడించారు. మన వరిచేనుకు ఇది చిటికెడు; ఎరువెరుగని ఆ అడవికి పెద్ద రాబడి. చెట్లు నరికితే నీడ పోయి తివాచీ ఎండుతుంది, ఆ రాబడీ పోతుంది. నమూనాకు ఒక్క కొమ్మ చాలు.